చాచీ జాడీలో పాత నీళ్ళు

పోయిన వారం మా తమ్ముని కోడలు ఫోన్ చేసింది. "పెద్దత్తమ్మా, బాపమ్మ గురించి నాలుగు లైన్లు రాసియ్యున్రి. మీ చిన్నప్పటి ముచ్చట్లు, మంచిగ, చదివితే నోట్ల నీళ్ళూరాలె," అంది.

పిల్ల మంచిదే. హన్మకొండలో ఇంట్లోనే తొక్కులు పెట్టి, ఫోన్లో ఆర్డర్లు తీసుకుని ఊళ్ళకు పంపుతోంది. కష్టపడుతుంది, కాదనను. సీసాల మీద అంటించే కాగితం ఎట్లా ఉండబోతుందో వాట్సాప్‌లో పంపింది. కళ్ళద్దాలు పెట్టుకుని చూశాను. ఒక పక్క మా బాపమ్మ ఫోటో. బాపమ్మ అంటే మా బాపు తల్లి. రూపాయంత బొట్టు, రెండు వైపులా ముక్కుపుల్లలు. ఆమె బతుకులో దిగిన ఒకే ఒక్క స్టూడియో ఫోటో అది, అందులో కూడా ఎవరినో తిట్టబోతున్నట్టే చూస్తుంది. ఇంకో పక్క గోధుమరంగు జాడీ, మూతి దగ్గర చిన్న పెచ్చు ఊడినది. కింద వరసగా పేర్లు. మామిడికాయ తొక్కు, చింతకాయ తొక్కు, పండుమిరప తొక్కు. అన్నిటికన్నా కింద, కాస్త పెద్ద అక్షరాలతో, "బాపమ్మ స్పెషల్: సోయకూర నీళ్ళ బుడమకాయ".

అరికాలి మంట నెత్తికెక్కింది. వెంటనే ఫోన్ చేశాను.

"నీళ్ళ బుడమకాయ బాపమ్మది కాదని నీకు చెప్పిన్నా లేదా?"

"చెప్పిన్రు అత్తమ్మా. పక్కింటి చాచీ దగ్గర నేర్చుకున్ననన్నరు."

"మరి గిదేంది?"

"బ్రాండ్ ఒక్కటే ఉండాలె కదా. ఒక్కో సీసా మీద ఒక్కో మనిషంటే కస్టమర్లు కన్ఫ్యూజ్ అయితరు. అయినా బాపమ్మ చెయ్యి పడనిది ఆ ఇంట్ల ఏమున్నది అంటడు మామయ్య."

మామయ్య అంటే మా తమ్ముడు. నాకన్నా ఏడేళ్ళు చిన్న. వాడికి ఆ క్వార్టర్లూ సరిగా గుర్తు లేవు, ఆ గోడా గుర్తు లేదు. గుర్తున్నదల్లా బాపమ్మ ఒళ్ళో కూర్చుని తిన్న తొక్కు ముద్దలు. బాపమ్మ చెయ్యి పడనిది లేదట. నిజమే, పడింది. ఎట్లా పడిందో చెబుతాను. నాలుగు లైన్లు అడిగింది కదా, ఇవిగో. సీసాకు అంటించుకోవడానికి మాత్రం పనికిరావు.

మేము వరంగల్‌లో మిల్లు క్వార్టర్లలో ఉండేవాళ్ళం. ఇప్పుడు ఆ మిల్లూ లేదు, క్వార్టర్లూ లేవు. అటు పోతే ప్లాట్ల రాళ్ళు కనిపిస్తాయి. అప్పుడు మాత్రం వరసకు పన్నెండు ఇళ్ళు, ఇంటికీ ఇంటికీ మధ్య ఒకే గోడ. బాపు సాంచాల మీద బట్ట నేసేవాడు. డ్యూటీ దిగి వచ్చేసరికి తల మీద, మీసాల మీద, చెవుల్లో కూడా తెల్లటి దూది పీచు ఉండేది. సైరన్ కొడితే అన్నం, సైరన్ కొడితే బడి. నల్లాలో ధర్మసాగర్ చెరువు నీళ్ళు పొద్దున గంటసేపు వచ్చేవి. ఆ గంటలో వాడకట్టు ఆడవాళ్ళు మాట్లాడుకున్నన్ని మాటలు మిగతా రోజంతా కలిపినా ఉండవు.

వాడకట్టు మొత్తంలో తొక్కు కలపాలంటే మా బాపమ్మే. ఎండాకాలం వచ్చిందంటే ఈ ఇంట్లో, ఆ ఇంట్లో, "అవ్వా, జర వచ్చి చెయ్యి పెట్టిపో," అని పిలుపులు. పోయేది. పీట వేసుకుని కూర్చుని అందరి మీదా పెత్తనం చేసేది. తొక్కు కలిపే రోజు నీళ్ళకు కర్ఫ్యూ. తలస్నానం చేసిన వాళ్ళు జుట్టు ఆరేదాకా వసారాలోకి రాకూడదు. చెంబు ముట్టిన చెయ్యి ఉప్పు ముట్టకూడదు. జాడీలు మూడు రోజులు ఎండలో బోర్లించి ఉండాలి. ఒక ఏడు అమ్మ గిన్నెలు కడిగి, చెయ్యి కొంగుకు తుడుచుకునే వచ్చి జాడీ మూత పెట్టింది. వేలి సందులో తడి ఉందేమో అని అనుమానం, అంతే. పన్నెండిళ్ళకూ వినపడేటట్టు తిట్టింది. అమ్మ తల వంచుకుని నిలబడింది. అమ్మకు వచ్చిన విద్య అదొక్కటే, తల వంచుకోవడం. అందరికీ తొక్కు రుచి గుర్తుంది, నాకు ఆ తిట్లు గుర్తున్నాయి.

గోడకు అటుపక్క చాచీ ఇల్లు. చాచా కూడా మిల్లులోనే, వేరే షిఫ్టు. వాళ్ళకు పిల్లలు లేరు. దాని గురించి వాడకట్టులో అందరూ మాట్లాడేవాళ్ళు, ఆమె ముందు తప్ప. చాచీ పొడుగ్గా, సన్నగా ఉండేది. ఆమెది పాలంపేట దిక్కు ఊరు. అక్కడ వాళ్ళ నాయన చెరువు కింద కూరగాయలు పండించేవాడు. మనలాగే తెలుగు మాట్లాడేది, మధ్యలో జర, ఫికర్, బేటీ అంటూ. నేను బడి నుంచి వచ్చి పుస్తకాల సంచి ఇంట్లో విసిరేసి నేరుగా ఆమె వాకిట్లోకే పోయేదాన్ని. బాపమ్మ వసారాలో నుంచి అరిచేది.

"అటు పోయినవంటే కాళ్ళు ఇరగ్గొడ్త. ఇంట్ల ఏం తక్కువైందని పోతానవే?"

ఇంట్లో ఏం తక్కువైందో ఆమెకు తెలిసే అడిగేది.

మా ఇంటి తొక్కు గోడ దాటి పోవచ్చు. చాచీ ఇంటిది గోడ దాటి రాకూడదు, అది బాపమ్మ లెక్క. రంజాన్‌కు చాచీ సేమియా పంపిస్తే గిన్నె తీసుకునేది, నవ్వేది, పిల్లలకు పెట్టేది, తాను మాత్రం వేలు కూడా ముంచేది కాదు. చాచీకి తెలియదా? తెలుసు. అయినా ప్రతి ఏడూ పంపేది. మా బాపమ్మ ఇచ్చిన తొక్కు కళ్ళకద్దుకుని తీసుకునేది.

వానలు వెనకపట్టాక, బతుకమ్మ ఇంకా రాకముందు, బుడమకాయలు వచ్చేవి. చేనుగట్ల మీద తమంతట తామే పాకే తీగకు కాసే కాయలు. దోసకాయకు తోబుట్టువులు, వేలెడంత పొడుగు, పచ్చటి చారలు. చాచీ తమ్ముడు సంచి నిండా తెచ్చి ఇచ్చేవాడు. సంచి విప్పితే పచ్చి చేను వాసన. వాటిని ఉప్పు నీళ్ళలో ఊరబెట్టడం చాచీ పని. నీళ్ళలో. మా ఇంట్లో ఆ మాట అంటేనే ఇల్లు కూలిపోయేది.

కాయలు కడిగి, తొడిమ తీసి, రెండు కొసలా సూదితో ఒక్కో పోటు పొడిచేది. జాడీ అడుగున సోయకూర కట్ట విప్పి పరిచేది. సోయకూర వాసన చెబితే తెలిసేది కాదు. సోంపులా ఉంటుంది, కానీ తీపి కాదు, పచ్చి. దాని మీద కాయలు, చితక్కొట్టిన ఎల్లిగడ్డ, నాలుగు పచ్చిమిరపకాయలు, జామాకులు కొన్ని. జామాకు వేస్తే కాయ మెత్తబడదట. ఆ తర్వాత ఉప్పు నీళ్ళు. ఉప్పు ఎంత అంటే దానికి ఆమె దగ్గర ఒక కొలత ఉండేది. నీళ్ళు నా నాలుక మీద ఒక చుక్క వేసేది.

"ఒక్క కన్ను మూసుకుంటే సరిపోయినట్టు బేటీ. రెండు కండ్లు మూసుకుంటే ఎక్కువైనట్టు. నువ్వు ఎన్ని మూస్తానవ్?"

నేను ఆటకు రెండూ మూసేదాన్ని. ఆమె నవ్వి తాను రుచి చూసి, నా చెవి మెల్లగా మెలిపెట్టేది.

చివరికి అసలు పని. మూల నుంచి ఒక చిన్న బోగాని తెచ్చేది. అందులో పాత నీళ్ళు. పోయిన ఏటి బుడమకాయల నీళ్ళు. కాయలు దొరకని నెలల్లో వాటిలో ముల్లంగి ముక్కలో గాజర్ ముక్కలో వేస్తూ, ఉప్పు చూసుకుంటూ బతికించేది. ఆ పాత నీళ్ళు కొత్త జాడీలో పోస్తేనే ఆ పులుపు, ఆ వాసన. ఆమె పెళ్ళయి వరంగల్ బస్సెక్కినప్పుడు వాళ్ళ అమ్మ లోటా నిండా పాత నీళ్ళు పోసి, గుడ్డ కట్టి, ఒళ్ళో పెట్టిందట. బస్సు కుదుపులకు సగం పెళ్ళి చీర మీద ఒలికిపోయాయట. మిగిలిన సగమే ఈ జాడీలోకి వచ్చింది. వాళ్ళ అమ్మకు ఆమె అత్త ఇచ్చింది, ఆ అత్తకు ఎవరిచ్చారో ఎవరికీ తెలియదు. ఇది చెప్పేటప్పుడు చాచీ గొంతు మారేది కాదు. బియ్యం ఎక్కడ కొన్నామో చెప్పినట్టే చెప్పేది.

కాయలు నీళ్ళ మీదికి తేలకుండా ఒక పలక రాయి పెట్టేది. చెరువు కట్ట మీద ఏరుకొచ్చిన నల్లరాయి. నాలుగో రోజుకు బుడగలు, ఆరో రోజుకు నీళ్ళు మసక, పదో రోజుకు కాయ కొరికితే కరకరమని పక్కింటికి వినపడేది. నాకు కాయ కన్నా నీళ్ళంటేనే ఇష్టం. జామకాయ కోసి ఆ నీళ్ళలో ముంచి తినేదాన్ని. చాచీ చూడనప్పుడు గ్రైప్ వాటర్ సీసాలో కొన్ని పట్టుకుని తెచ్చి మా పెరట్లో కట్టెల సందున దాచుకునేదాన్ని. అది దొంగతనమే. అడిగితే ఇచ్చేది, కానీ అడిగి తాగితే అంత రుచి ఉండదు. ఒకసారి సీసా బిరడా తుపాకీ పేలినట్టు ఎగిరిపోతే, పిల్లి ఏదో పడేసిందని అబద్ధం చెప్పాను.

ఆ ఏడు కాయలు జాడీలో వేసిన మూడో రోజు పాలంపేట దిక్కు నుంచి కబురు వచ్చింది. చాచీ వాళ్ళ అమ్మకు బాగా లేదు, చూపుకు రమ్మని. చాచా కూడా సెలవు పెట్టి వెంట పోయాడు. పోయే ముందు చాచీ జాడీ ఎత్తుకుని మా వాకిట్లోకి వచ్చింది. బాపమ్మ వసారాలో పప్పు చెరుగుతోంది.

"అవ్వా, ఈ జాడీ మీ ఇంట్ల పెట్టిపోతాన. రోజు చూసుడు ఉంటది. పొల్లకు చెప్పిన, చేస్తది."

బాపమ్మ చేట దించకుండానే, "అటు బాయి కాడ పెట్టు బిడ్డా," అంది. వాకిలి మూలన బావి దగ్గర. వసారాలో చోటు లేక కాదు.

చాచీ జాడీ దింపి నా ముందు కూర్చుని, నా రెండు భుజాలు పట్టుకుంది.

"పొద్దుగాల ఒకసారి, మాపటికి ఒకసారి మూత తియ్యి. కాయలు నీళ్ళ కిందనే ఉండాలె. మీద తెల్లగ తేలితే గంటెతోని తీసెయ్. నీళ్ళు మసకైతయి, బుడగలొస్తయి, ఫికర్ చెయ్యకు. అట్లనే కావాలె. ఈసారి పాత నీళ్ళన్నీ అండ్లనే పోసిన, బోగానిల ఏం మిగుల్చలె. యాదుంచుకో."

నాకు పదకొండేళ్ళు. అంతకుముందు ఎవరూ నాకు ఏదీ అప్పగించలేదు. పొద్దునా సాయంత్రం చూశాను. రాయి సర్దాను, తెల్లటిది తీశాను. ఊరికే చూడలేదు కూడా. మొదటి రోజే ఒక సీసా నింపుకుని కట్టెల సందులో పెట్టుకున్నాను. కాపలా పెట్టినదాన్ని నేనే కదా, అడిగేదెవరు అనుకున్నాను.

చాచీ పోయిన అయిదో రోజు మధ్యాహ్నం బడి నుంచి వచ్చేసరికి బాపమ్మ బావి దగ్గర నిలబడి ఉంది. జాడీ మూత తీసి ఉంది. నీళ్ళు బియ్యం కడిగిన నీళ్ళలా ఉన్నాయి, మీద బుడగలు. సోయకూర, ఎల్లిగడ్డ కలిసిన పులిసిన వాసన బావి చుట్టూ నిండిపోయింది. నాకు నోట్లో నీళ్ళూరాయి. బాపమ్మ కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుంది.

"మురిగిపోయింది. చూసినవా, కుడితి తీర్గున్నది. నీళ్ళల్ల ఏస్తే మురగక ఏమైతది."

"మురగలె బాపమ్మా. అట్లనే కావాలె. నీళ్ళు మసకైతయని చాచీ చెప్పింది."

"నాకు నేర్పుతానవా? అరవై ఏండ్ల సంది తొక్కులు పెడ్తాన, నాకు నేర్పుతానవా?"

"చాచీ చెప్పింది బాపమ్మా, పాత నీళ్ళు..."

చెంప మీద ఒక్కటి పడింది. తర్వాత ఆమె అన్న మాట నాకు నిన్న విన్నట్టు ఉంది.

"ఇంటి ముందట పెట్టిపోయింది. రేపు వచ్చి చూసి, అవ్వ ఇంట్ల పెడితే ఖరాబైందంటది. వాడకట్టంత చెప్తది. నా చెయ్యి మీద మాట రావద్దు. పట్టు, పారబొయ్యి."

నాతోనే పారబోయించింది. జాడీ ఒక వైపు ఆమె వంచి పట్టుకుంది, ఇంకో వైపు నేను. నల్లరాయి దొర్లి కింద పడింది. నీళ్ళు మోరీలోకి పోయాయి, బుడగలతో సహా. కాయలు గంపలో ఒంపి, బావి నీళ్ళు నాలుగు బిందెలు పోసి కడిగింది. సోయకూర తీసి పెంట మీద విసిరింది. కాయలు గుడ్డ మీద ఎండలో ఆరబెట్టి, సాయంత్రం కారం, ఆవపిండి, మెంతిపిండి కలిపి, ఎల్లిగడ్డ పోపు పెట్టి, గిన్నెడు మంచినూనె పోసి, అదే జాడీలో నింపింది. ఆ నూనె మా ఇంటి నూనె. తన చేతి తొక్కు, వాడకట్టంతా బతిమాలి పెట్టించుకునే తొక్కు, ఊరికే పెట్టి ఇచ్చింది. పెద్ద ఉపకారం చేశాననే అనుకుంది. తర్వాత చేతులు మూడుసార్లు కడుక్కుని తలస్నానం చేసింది. అమ్మ వంటింట్లో నుంచి అంతా చూసింది.

బాపమ్మను మంచిగా చెప్పేవాళ్ళు ఎప్పుడూ ఇదే అంటారు, "నోరే గట్ల గని మనసు మంచిది." ఆ మనసు నాకు తెలుసు. తనకు తెలియనిది ఈ లోకంలో ఏదైనా ఉండొచ్చని అరవై ఏళ్ళలో ఒక్క రోజు కూడా అనుకోని మనసు అది. తర్వాత నేను దవాఖాన ల్యాబులో పనికి కుదిరాక, ఒకరోజు నేనే ఊరబెట్టిన నీళ్ళు ఒక చుక్క గాజు పలక మీద వేసి మైక్రోస్కోపులో చూశాను. చిన్న చిన్న పుల్లల్లాంటివి లక్షలు, పులుపు పుట్టించే సూక్ష్మజీవులు. ఆ మసక అదే. పాడైపోయిందని ఆమె పారబోయించింది దాన్నే. ఆ రోజు డ్యూటీలో నాతో పనిచేసే అమ్మాయి, ఎందుకు ఏడుస్తున్నారని అడిగితే, కంట్లో ఏదో పడిందన్నాను.

చాచీ పదకొండు రోజులకు వచ్చింది. వాళ్ళ అమ్మ పోయింది. ముఖం ఇంత చిన్నదైపోయింది, పెదవులు పగిలి ఉన్నాయి. ఆడవాళ్ళంతా వచ్చి పలకరించి పోయారు. బాపమ్మ కూడా పోయి, పక్కన కూర్చుని, "ఊకో బిడ్డా," అని వీపు నిమిరింది. అబద్ధం చెప్పను, నిజంగానే నిమిరింది. మర్నాడు పొద్దున చాచీ జాడీ కోసం మా ఇంటికి వచ్చింది. వాకిట్లో నిలబడే, ఎవరూ అడగకుండానే, మెల్లగా మాట్లాడింది.

"అమ్మ మంచాన పడ్డప్పటి సంది జాడీ చూసెటోళ్ళు లేక ఎండిపోయిందట అవ్వా. వదినె కడిగి బియ్యం పోసుకున్నది. ఇగ మా అమ్మ నీళ్ళు ఉన్నయంటే నా జాడీలనే."

బాపమ్మ జాడీ తెచ్చి ఆమె ముందు పెట్టింది. తుడిచి, మూతికి కొత్త గుడ్డ కట్టి ఉంది.

"నీ నీళ్ళ తొక్కు ఖరాబైంది బిడ్డా. పొల్ల చెయ్యి పెట్టింది. చెప్తే ఇంటదా? పాడు చేసింది. పోనీలే అని నేను కడిగి మంచిగ చేసిన. ఏడాది దాక ఏం గాదు."

తప్పంతా నా నెత్తిన పెట్టింది. అంత తేలిగ్గా, చీపురుపుల్ల విరిచినంత తేలిగ్గా. నేను అమ్మ వైపు చూశాను. అమ్మ పొయ్యి వైపు చూసింది.

చాచీ గుడ్డ విప్పింది. ఎర్రటి నూనె. చాలాసేపు అందులోకే చూసింది. నా వైపు తిరిగి అడిగింది.

"నీళ్ళేవి బేటీ?"

"పారబోసినం."

"అన్నీనా?"

నేను తల ఊపాను.

"ఒక్క గిన్నెడైన లేవా? జర యాది చేసుకో. ఒక్క గిన్నెడు చాలు."

కట్టెల సందు నేను నిలబడ్డ చోటికి పది అడుగులు. సీసా అక్కడే ఉంది. అందులో సగం పైనే ఉన్నాయి, పొద్దున్నే చూసుకున్నాను. తెచ్చి ఇస్తే చాలు. కానీ బాపమ్మ అప్పుడే కదా అంది, పొల్ల చెయ్యి పెట్టిందని. సీసా బయటికి తీస్తే ఆ మాట నిజమైపోతుంది. దొంగనని తేలిపోతుంది. జాడీ పాడైంది నా వల్లనే అని చాచీ నమ్ముతుంది. పదకొండేళ్ళ బుర్రకు అంతే తోచింది. ఆమెకు కావలసింది నీళ్ళు అని తోచలేదు. నా పేరు కాపాడుకోవాలనే తోచింది. అచ్చం బాపమ్మకు తోచినట్టే.

"లేవు," అన్నాను.

చాచీ జాడీలో నుంచి ఒక కాయ తీసి, కొరికి, నమిలింది. "మంచిగున్నది అవ్వా," అంది. జాడీ ఎత్తుకుని పోయింది.

ఆ సాయంత్రం నేను సీసా తీసి మోరీలో పారబోశాను. ఎవరైనా చూస్తారేమోనని, చుక్క కూడా మిగలకుండా. సీసా మూడుసార్లు కడిగాను. బాపమ్మ పారబోయించినప్పుడు, ఏమీ తెలియని ఆమె వెంట చెయ్యి వేశాను. ఇది మాత్రం నా అంతట నేనే, అది ఏమిటో పూర్తిగా తెలిసి, చేశాను.

చాచీ నాతో మాట్లాడటం మానలేదు. వాకిట్లోకి పోతే పీట వేసేది, తల దువ్వేది. అదే ఓర్చుకోలేకపోయాను. ఒక్క మాట తిట్టి ఉంటే నేను ఏడ్చి చెప్పేసేదాన్నేమో. మరుసటి ఏడు బుడమకాయల సంచి వచ్చింది. ఆమె వాటిని కూర వండింది. జాడీ తీయలేదు. "మళ్ళ చేద్దాం చాచీ, కొత్త నీళ్ళతోని," అంటే, "మోజు పోయింది బేటీ," అంది. నా కళ్ళు ఎన్ని మూసుకుంటాయో చూసే ఆట మళ్ళీ ఎప్పుడూ ఆడలేదు.

కొన్నేళ్ళకు మిల్లు మూతపడింది. ఒక్కో ఇల్లు ఖాళీ అవుతూ వచ్చింది. చాచా చాచీ ఎటో బతకపోయారు. సూరత్ అన్నారు కొందరు, భివండి అన్నారు ఇంకొందరు. సామాను బండి ఎక్కేటప్పుడు చాచీ ఆ జాడీ తెచ్చి మా బాపమ్మకే ఇచ్చింది. "మీ తొక్కుకు పనికొస్తది, ఉంచుకోండ్రి," అంది. బాపమ్మ చచ్చేదాకా అందులో తొక్కు పెట్టుకుంది. వచ్చిన వాళ్ళందరికీ, "పక్కింటామె ఇచ్చింది, నా తొక్కంటే పాణం ఆమెకు," అని చెప్పుకునేది. మూతి దగ్గర పెచ్చు ఊడింది చూడండి, అది నల్లరాయి దొర్లిన రోజు ఊడింది. ఇప్పుడు ఆ పెచ్చుతో సహా ఫోటో తీసి సీసాకు అంటిస్తున్నారు.

అప్పటి నుంచి ప్రతి ఏడూ నేను బుడమకాయలు ఊరబెడుతూనే ఉన్నాను. కొత్త ఉప్పు నీళ్ళు, సోయకూర, జామాకు. పులుస్తాయి, తినేవాళ్ళు బాగున్నాయంటారు. ఆ రుచి రాదు. కోడలికి నేర్పింది ఈ రుచి రానిదే.

ఇదంతా రాసి, నిన్న ఫోన్ చేసి కోడలికి చదివి వినిపించాను. ఏడుస్తోందేమో అనుకున్నాను. ఏడవడం లేదు, ఆలోచిస్తోంది.

"సరే పెద్దత్తమ్మా. బాపమ్మ పేరు తీసేస్త. ఫోటో కూడ తీసేస్త ఆ సీసా మీదికెల్లి. మామయ్యకు నేను చెప్పుకుంట. ఆమె పేరే పెడ్దాం. పేరేంది?"

నోరు తెరిచాను.

మేము చాచీ అన్నాం. బాపమ్మ పక్కింటామె అంది. నల్లా దగ్గర ఆడవాళ్ళు సాయిబు పెండ్లాం అన్నారు. చాచా ఆమెను ఏమని పిలిచేవాడో గుర్తు చేసుకోవాలని, ఫోన్ పెట్టేశాక కూడా రాత్రంతా చూశాను. "వింటానవా," అనేవాడు, అంతే. పుట్టిన దగ్గర నుంచి గోడకు ఇటుపక్క నేను, అటుపక్క ఆమె. ఆమె చేతి ముద్ద తిన్నాను, ఆమె ఒళ్ళో నిద్రపోయాను, ఆమె నీళ్ళు దొంగిలించాను.

"పెద్దత్తమ్మా, ఉన్నరా? పేరు చెప్తే ప్రింటింగ్‌కు ఇస్త."

"తెల్వదు," అన్నాను. "ఆ సీసా అమ్మొద్దు."

చాచీ నన్ను ఒక్క గిన్నెడు నీళ్ళు అడిగింది. నేను ఆమెను పేరు కూడా అడగలేదు.